కోలార్ హద్దులు మళ్ళీ కదిలే ముందు

2008 మేలో కర్ణాటక శాసనసభకు ఎన్నికలు జరిగాయి. 2001 జనాభా లెక్కల ఆధారంగా గీసిన కొత్త హద్దులతో దేశంలో అన్నిటికన్నా ముందు ఓటు వేసిన రాష్ట్రం అదే. కోలార్ జిల్లా ఓటర్లకు ఆ ఎన్నికల్లో రెండు పాత పేర్లు కనిపించలేదు. ఒకటి వేమగల్, రెండోది బేతమంగళ. వేమగల్ నుంచి సి. బైరేగౌడ, ఆయన తర్వాత కుమారుడు కృష్ణ బైరేగౌడ గెలుస్తూ వచ్చారు. స్థానం రద్దయ్యాక కుమారుడు బెంగళూరులోని బ్యాటరాయనపురకు వెళ్ళి అక్కడ గెలిచారు. నాయకుడికి మరో చోటు దొరికింది. వేమగల్ రైతుకు మాత్రం తన ఊరి పేరు చెప్పుకునే ఎమ్మెల్యే లేకుండా పోయాడు. బేతమంగళ స్థానం కూడా చెదిరింది. బంగారుపేట పేరుతో ఒక స్థానం జాబితాకెక్కింది. బేతమంగళ, క్యాసంబళ్ళి వైపు పల్లెలు కోలార్ గోల్డ్ ఫీల్డ్స్ (కేజీఎఫ్) స్థానంలో కలిశాయి.

చూడడానికి ఇది కాగితం మీద సర్దుబాటు. జనాభా పెరిగిన చోట స్థానాలు పెరగాలి, తగ్గిన చోట తగ్గాలి. బెంగళూరు ఉబ్బిపోయింది కాబట్టి చుట్టుపక్కల జిల్లాలు కొంత వదులుకోక తప్పదు. ఈ వాదనలో తప్పు లేదు. కానీ కోలార్‌లో డెబ్బై ఏళ్ళుగా జరిగింది వరసగా పెట్టుకుని చూస్తే మరో సంగతి తెలుస్తుంది. హద్దు మారినప్పుడల్లా అక్కడ ఎవరి బాధ సభలో వినబడాలన్నది కూడా మారిపోయింది. ఆ మార్పు గురించి ఆ జనాన్ని ఎవరూ సరిగ్గా అడగలేదు. ఇప్పుడు దేశం ఇంకో నియోజకవర్గాల పునర్విభజన ముంగిట నిలబడింది. కోలార్ కథ మన చిత్తూరు, అనంతపురం వాళ్ళకూ పనికొస్తుంది.

మొదట లోక్‌సభ స్థానం సంగతి. 1952లో కోలార్ ఇద్దరు సభ్యుల నియోజకవర్గం. ఎం.వి. కృష్ణప్ప, దొడ్డతిమ్మయ్య ఇద్దరూ కాంగ్రెస్ తరఫున వెళ్ళారు. 1957లో దొడ్డతిమ్మయ్యతో పాటు గెలిచింది కె. చెంగలరాయ రెడ్డి. బంగారు గనులకు దగ్గర్లోని క్యాసంబళ్ళి ఆయన సొంత ఊరు. 1947లో మైసూరు రాష్ట్రానికి మొదటి ముఖ్యమంత్రి అయింది ఆయనే. తర్వాత కేంద్రంలో మంత్రిగా, మధ్యప్రదేశ్ గవర్నర్‌గా పనిచేశారు. ఇద్దరు సభ్యుల పద్ధతిలో ఒక సౌలభ్యం ఉండేది. ఒక స్థానం షెడ్యూల్డ్ కులాలకు, ఒకటి అందరికీ. ఒకే ఓటరుకు ఇద్దరు ప్రతినిధులు. 1961లో చట్టం చేసి ఆ పద్ధతిని ఎత్తేశారు. కోలార్ అప్పటి నుంచి ఎస్సీ రిజర్వుడు స్థానంగానే ఉంది. దొడ్డతిమ్మయ్య తర్వాత జి.వై. కృష్ణన్ 1967 నుంచి 1980 దాకా వరసగా నాలుగు ఎన్నికలు గెలిచారు. 1984లో జనతా పార్టీ నుంచి వి. వెంకటేశ్, 1989లో కాంగ్రెస్ నుంచి వై. రామకృష్ణ వచ్చారు. 1991లో కె.హెచ్. మునియప్ప.

మునియప్ప 1991, 1996, 1998, 1999, 2004, 2009, 2014 ఎన్నికల్లో వరసగా ఏడుసార్లు గెలిచారు. కేంద్రంలో రైల్వే సహాయ మంత్రిగా కూడా పనిచేశారు. ఇన్నేళ్ళ గెలుపును ఆయన బలం ఒక్కటే వివరించలేదు. ఈ స్థానంలో శాసనసభ నియోజకవర్గాలు ఎనిమిది. శిడ్లఘట్ట, చింతామణి, శ్రీనివాసపుర, ముళబాగిలు, కేజీఎఫ్, బంగారుపేట, కోలార్, మాలూరు. ఇందులో ఎస్సీలకు కేటాయించినవి ముళబాగిలు, కేజీఎఫ్, బంగారుపేట మాత్రమే. మిగిలిన అయిదూ జనరల్. అక్కడ బలం వక్కలిగ, రెడ్డి కుటుంబాలది. శ్రీనివాసపురనే చూడండి. 1978 నుంచి 2013 దాకా కె.ఆర్. రమేశ్ కుమార్, జి.కె. వెంకటశివారెడ్డి ఒకరి తర్వాత ఒకరు వంతులు వేసుకున్నట్టు గెలిచారు. 2018లో రమేశ్ కుమార్ వరసగా రెండోసారి గెలవడంతో ఆ క్రమం తప్పింది. 2023లో మళ్ళీ వెంకటశివారెడ్డి వచ్చారు. ఇలాంటి నాయకుల అండ ఉన్నంత కాలం రిజర్వుడు స్థానంలోని ఎంపీకి ఢోకా లేదు. అండ పోతే ఎంత పాత కాపు అయినా నిలవడు. 2019లో మునియప్ప బీజేపీకి చెందిన ఎస్. మునిస్వామి చేతిలో రెండు లక్షలకు పైగా ఓట్ల తేడాతో ఓడిపోయారు. 2024లో కాంగ్రెస్ టికెట్ కోసం జిల్లా నాయకులు రెండు జట్లుగా చీలి, కొందరు శాసనసభ్యులు రాజీనామా దాకా వెళ్ళారు. చివరికి మధ్యే మార్గంగా కె.వి. గౌతమ్‌ను నిలబెట్టారు. ఆయన జేడీఎస్ అభ్యర్థి ఎం. మల్లేశ్ బాబు చేతిలో 71 వేలకు పైగా ఓట్ల తేడాతో ఓడారు.

దీన్నుంచి నాకు అర్థమైంది ఒకటే. రిజర్వేషన్ అభ్యర్థి కులాన్ని నిర్ణయిస్తుంది. అభ్యర్థిని ఎవరు నిర్ణయిస్తారన్నది హద్దుల్లో ఉంటుంది. ఏ పల్లెలు ఎవరితో కలిశాయన్న దాన్నిబట్టి ఆ ఎంపీ ఎవరి గడప తొక్కాలో తేలుతుంది.

2011 లెక్కల ప్రకారం కోలార్ జిల్లాలో ఎస్సీల వాటా సుమారు 30 శాతం. కర్ణాటకలో ఇదే అత్యధికం. కాబట్టి ఈ స్థానాన్ని రిజర్వు చేయడంలో ఏ అన్యాయమూ లేదు, అది అలాగే ఉండాలి కూడా. అయితే అక్కడి ఎస్సీ జాబితా మన జాబితా ఒకటి కాదని తెలుగు పాఠకులు గుర్తుంచుకోవాలి. ఆంధ్రలో వడ్డెర్లు వెనకబడిన తరగతి. హద్దు దాటి కోలార్‌లో అడుగుపెడితే అదే కోవకు చెందిన భోవీలు షెడ్యూల్డ్ కులం. మాదిగలు, మాలలు, భోవీలు, లంబాణీలు అందరూ ఒకే స్థానానికి పోటీ పడాలి. ఎస్సీల్లో ఎవరికి టికెట్ అన్న వాదన అక్కడ ఎన్నికల వేళ ప్రతిసారీ లేస్తుంది.

ఇక కేజీఎఫ్. ఈ వ్యాసంలో నాకు అన్నిటికన్నా ముఖ్యమైనది ఇదే.

1880లో జాన్ టేలర్ కంపెనీ అడుగుపెట్టాక ఇక్కడ గని పట్టణం లేచింది. ఊరుగాం, ఛాంపియన్ రీఫ్, మారికుప్పం, కోరమాండల్, రాబర్ట్‌సన్‌పేట, ఆండర్సన్‌పేట. 1902లో కావేరి మీద శివనసముద్రం నుంచి కరెంటు మొట్టమొదట ఈ గనులకే వచ్చింది. ఛాంపియన్ రీఫ్ షాఫ్టు మూడు కిలోమీటర్లకు పైగా లోతుకు దిగింది. దిగింది ఉత్తర ఆర్కాడు, చిత్తూరు జిల్లాల నుంచి వలస వచ్చిన వాళ్ళు. ఎక్కువమంది తమిళం మాట్లాడే దళితులు, వాళ్ళ పక్కన తెలుగు వాళ్ళు. కంపెనీ కట్టిన వరస ఇళ్ళను లైన్లు అంటారు. ఒక్క గదిలో సంసారం. చుట్టూ తెలుగు పల్లెలు, పైన ఇంగ్లీషు అధికారులు, ప్రభుత్వం కన్నడం. ఆ మధ్యలో ఈ జనం తమకంటూ ఒక రాజకీయం కట్టుకున్నారు. 1930లో పెద్ద సమ్మె చేశారు. 1946 నవంబర్ 4న పోలీసు కాల్పుల్లో ఆరుగురు కార్మికులు చనిపోయారు.

ఆ పోరాటం నుంచే ఆ శాసనసభ స్థానానికి ఒక స్వభావం వచ్చింది. 1952లో అక్కణ్ణుంచి కమ్యూనిస్టు యూనియన్ నాయకుడు కె.ఎస్. వాసన్, అంబేడ్కర్ స్థాపించిన షెడ్యూల్డ్ కులాల ఫెడరేషన్ నుంచి పి.ఎం. స్వామిదురై గెలిచారు. 1957లో కమ్యూనిస్టు ఎం.సి. నరసింహన్. ఆ తర్వాత రిపబ్లికన్ పార్టీ నుంచి సి.ఎం. ఆర్ముగం. 1983లో అన్నాడీఎంకే నుంచి ఎం. భక్తవత్సలం. 1985లో సీపీఎం టి.ఎస్. మణి. 1989లో మళ్ళీ భక్తవత్సలం, 1994లో రిపబ్లికన్ పార్టీ ఎస్. రాజేంద్రన్, 1999లో మరోసారి భక్తవత్సలం, 2004లో మరోసారి రాజేంద్రన్. కర్ణాటక రాజకీయమంతా కాంగ్రెస్, జనతా, బీజేపీల మధ్య తిరుగుతుంటే ఈ ఒక్క చోట ఎర్రజెండా, నీలిజెండా, రెండాకులు ఒకదాని తర్వాత ఒకటి ఎగిరాయి. బెంగళూరు విధానసౌధలో గని కార్మికుడి గొంతు ఏదో ఒక పార్టీ పేరుతో ఉండేది. ఆ సభ్యుడు ఒక్కడే కావచ్చు, ప్రభుత్వాన్ని కదిలించే బలం లేకపోవచ్చు. కానీ అతను గనిలో దిగిన వాళ్ళ ఓటుతో వచ్చినవాడు.

1956లో మైసూరు ప్రభుత్వం గనులను స్వాధీనం చేసుకుంది. 1962లో కేంద్రం తీసుకుంది. 1972లో భారత్ గోల్డ్ మైన్స్ సంస్థ ఏర్పడింది. నూట ఇరవై ఏళ్ళలో సుమారు 800 టన్నుల బంగారం తీసిన ఆ గనులను 2001 ఫిబ్రవరి 28న మూసేశారు. వేలమంది ఒక్క రోజులో పనిలేని వాళ్ళయ్యారు. ఏడేళ్ళ తర్వాత నియోజకవర్గం హద్దు మారింది. గని పట్టణం ఒక్కటే కాకుండా చుట్టూ ఉన్న సాగు పల్లెలు వచ్చి కలిశాయి. పల్లెల వాళ్ళకు ఇందులో తప్పేమీ లేదు. వాళ్ళకూ ప్రతినిధి కావాలి, వాళ్ళ చెరువులూ బోర్లూ వాళ్ళకు ముఖ్యం. కానీ గని మూతపడి యూనియన్లు పలుచబడ్డ సమయంలోనే ఓటర్ల పొందిక కూడా మారడం ఆ కార్మిక జనానికి రెండో దెబ్బ.

ఫలితం లెక్కల్లో కనిపిస్తుంది. 2008 నుంచి అక్కడ రిపబ్లికన్ పార్టీ గానీ, సీపీఎం గానీ, అన్నాడీఎంకే గానీ గెలవలేదు. 2008లో బీజేపీ తరఫున వై. సంపంగి గెలిచారు. 2013లో ఆయన తల్లి రామక్క. 2018లో మునియప్ప కుమార్తె రూపకళ కాంగ్రెస్ నుంచి గెలిచారు, 2023లో మళ్ళీ ఆమే. రెండుసార్లూ ఆమె ఓడించింది సంపంగి కుమార్తె అశ్వినిని. స్థానం రెండు కుటుంబాల పోటీగా మారింది. రూపకళ పనితీరు మీద నాకిక్కడ వ్యాఖ్య లేదు. గనిలో దిగినవాళ్ళ సంఘాల్లోంచి పుట్టిన నాయకత్వం బదులు పార్టీల జిల్లా నాయకత్వం నుంచి అభ్యర్థులు రావడం మొదలైందన్నదే విషయం. గని మూతే దీనికి మూలం, హద్దు ఒక్కటే కారణమనడం లేదు. కానీ కార్మిక పార్టీలు కొంత కోలుకునే అవకాశం ఏదైనా ఉంటే దాన్ని కొత్త హద్దు ఇంకా కష్టం చేసింది.

దీని వల్ల ఏం పోయిందో చెప్పాలంటే సైనైడ్ దిబ్బలు చూడాలి. బంగారం తీశాక మిగిలిన సుమారు 3.3 కోట్ల టన్నుల వ్యర్థం పట్టణం మధ్యలో కొండల్లా నిలిచి ఉంది. వేసవి గాలికి ఆ దుమ్ము లైన్ల మీద పడుతుంది. 2024లో ఆ దిబ్బల్లోంచి మిగిలిన బంగారం తీసే ప్రతిపాదనకు రాష్ట్ర మంత్రివర్గం అంగీకారం తెలిపింది. భూమి కేంద్ర సంస్థది, ఖనిజం మీద నిర్ణయం రెండు ప్రభుత్వాలది, దుమ్ము పీల్చేది లైన్లలో ఉన్నవాళ్ళు. ఆ ఇళ్ళ హక్కు పత్రాలేమిటి, తవ్వకం మొదలైతే పని ఎవరికి, ఊపిరితిత్తుల జబ్బులకు వైద్యం ఎవరిది అని అడగాల్సిన వాళ్ళు పగలంతా ఊళ్ళో ఉండరు. తెల్లవారుజామునే మారికుప్పం, బంగారుపేట నుంచి రైలెక్కి బెంగళూరు వెళ్తారు, రాత్రికి తిరిగొస్తారు. ఆఫీసుల్లో ఊడ్చేవాళ్ళు, కాపలాదార్లు, ఫ్యాక్టరీల్లో ఒప్పంద కూలీలు. వాళ్ళ పగలంతా మరో ఎమ్మెల్యే పరిధిలో గడుస్తుంది, ఓటు ఇక్కడ ఉంటుంది.

పల్లెల వైపు సమస్య వేరు. కోలార్ కరువు ప్రాంతం, ఏటా పారే నది లేదు. బోరు వందల అడుగులు దిగినా నీరు పడని ఊళ్ళున్నాయి. 2018లో బెంగళూరు మురుగునీటిని శుద్ధి చేసి కోలార్ చెరువులు నింపే కోరమంగళ-చల్లఘట్ట పథకం మొదలైంది. ఆ నీరు సురక్షితమా కాదా అన్న వాదన ఇంకా నడుస్తూనే ఉంది. ఇలా ఒకే నియోజకవర్గంలో టమాటా, పట్టుపురుగుల మీద బతికే రైతు సమస్య చెరువు, గని లైన్లలో ఉన్నవాళ్ళ సమస్య ఇల్లు, దుమ్ము, రైలు. ఒక్క ప్రతినిధి రెండూ మోయగలడు, కాదనను. కానీ మోయకపోయినా గెలిచే వీలు పెరిగింది. పల్లెల ఓట్లు చాలినప్పుడు లైన్ల ఓట్ల కోసం కష్టపడాల్సిన అవసరం తగ్గుతుంది.

హద్దుల్లో మరో మెలిక ఉంది. 2007లో కోలార్ నుంచి విడదీసి చిక్కబళ్ళాపుర జిల్లా చేశారు. శిడ్లఘట్ట, చింతామణి కొత్త జిల్లాలోకి వెళ్ళాయి. లోక్‌సభకు మాత్రం కోలార్‌లోనే ఉన్నాయి. అదే జిల్లాలోని గౌరీబిదనూరు, బాగేపల్లి, చిక్కబళ్ళాపుర వేరే లోక్‌సభ స్థానం. ఆ స్థానం నుంచి కోస్తా కర్ణాటకలోని కార్కళ వైపు నుంచి వచ్చిన వీరప్ప మొయిలీ 2009, 2014లో గెలిచారు. ఒక జిల్లా కలెక్టరుకు ఇద్దరు ఎంపీలు, ఒక ఎంపీకి ఇద్దరు కలెక్టర్లు. చింతామణిలో తెలుగు ఇంటి భాషగా ఉన్న రైతు తన ఎంపీని కలవాలంటే మరో జిల్లా కేంద్రానికి వెళ్ళాలి.

హద్దుకు ఇవతల మన దగ్గర జరిగింది దీనికి భిన్నం. 2008 పునర్విభజనలో చిత్తూరు జిల్లాలో వేపంజేరి, పుత్తూరు పేర్లు పోయాయి. చిత్తూరు లోక్‌సభ స్థానం అప్పుడే ఎస్సీ రిజర్వుడు అయింది. 2004లో డి.కె. ఆదికేశవులు గెలిచిన చోట 2009లో ఎన్. శివప్రసాద్ గెలిచారు. కుప్పంలో నిలబడి తూర్పున చిత్తూరు, పడమట కోలార్ చూస్తే రెండూ రిజర్వుడు లోక్‌సభ స్థానాలే. కోలార్ ఆరు దశాబ్దాలకు పైగా, చిత్తూరు 2008 పునర్విభజన నుంచి. ఎన్నాళ్ళకు మారాలి, అసలు మారాలా అన్నదానికి చట్టంలో నియమం లేదు. 2002 పునర్విభజన చట్టం ఎస్సీ స్థానాలను రాష్ట్రంలో వేర్వేరు చోట్ల, వీలైనంత వరకు వారి జనాభా వాటా ఎక్కువ ఉన్న చోట పెట్టాలంటుంది. ఈ రెండు మాటల మధ్య ఎంత ఉంచాలి, ఎంత తిప్పాలి అన్నది పునర్విభజన కమిషన్ ఇష్టానికి వదిలేసింది. ఒకసారి గెజెట్‌లో వచ్చాక కోర్టుకు వెళ్ళడానికి వీల్లేదని చాలాకాలం అనుకున్నాం. గుజరాత్‌లోని బార్డోలి శాసనసభ స్థానం కేసులో సుప్రీంకోర్టు 2024లో కొంత తలుపు తెరిచింది. ఆదేశం స్పష్టంగా ఏకపక్షంగా ఉంటే రాజ్యాంగ న్యాయస్థానం చూడవచ్చని చెప్పింది. అది చిన్న సంగతి కాదు.

మెక్సికోలో వేరే పద్ధతి నడుస్తోంది, తెలుసుకోదగినది. అక్కడ దిగువ సభకు ఏకసభ్య జిల్లాలు 300. 1979 ఎన్నికల నుంచి ఆ సంఖ్య మారలేదు. హద్దులు మాత్రం 1996, 2005, 2017లలో, 2020 జనగణన తర్వాత మరోసారి మార్చారు. మన దగ్గర 1976 నుంచి 2008 దాకా సంఖ్యా కదల్లేదు, గీతా కదల్లేదు. అక్కడి జాతీయ ఎన్నికల సంస్థ కంప్యూటర్ లెక్కతో మొదటి పటం తయారు చేస్తుంది. జనాభా సమానంగా ఉండటంతో పాటు ఊళ్ళ మధ్య ప్రయాణానికి పట్టే సమయాన్ని కొలుస్తుంది. ఆదివాసీ సముదాయాలు ఒకే జిల్లాలో ఉండేలా వాళ్ళతో సంప్రదింపులు జరుపుతుంది. పార్టీలు అభ్యంతరం చెబితే సరిపోదు, మెరుగైన పటం లెక్కతో సహా పెట్టాలి. ప్రతినిధుల విషయంలోనూ తేడా ఉంది. 1933 నుంచి వరసగా రెండోసారి పోటీ చేయడానికి వీలుండేది కాదు. 2014 సవరణ దాన్ని సడలించింది. 2030 నుంచి మళ్ళీ నిషేధం వచ్చేలా 2025లో రాజ్యాంగం మార్చారు. ఆ నిషేధం మనకు అక్కర్లేదు. ఏడుసార్లు గెలిచిన ఎంపీని ఎనిమిదోసారి ఓడించే హక్కు కోలార్ ఓటరుకు ఉంది, వాడుకున్నాడు కూడా. ఆ ప్రయాణ సమయం లెక్క మాత్రం మనకు వెంటనే కావాలి. క్యాసంబళ్ళి నుంచి రాబర్ట్‌సన్‌పేటకు, చింతామణి నుంచి కోలార్‌కు ఎంతసేపు పడుతుందన్నది పటం మీద కనబడదు, బస్సెక్కితే తెలుస్తుంది.

2027 మార్చి 1 ప్రాతిపదిక తేదీగా జనగణన జరపాలని కేంద్రం 2025 జూన్‌లో నోటిఫికేషన్ ఇచ్చింది. ఆ లెక్కలు వచ్చాక పునర్విభజన. 2023లో తెచ్చిన 106వ సవరణ ప్రకారం మూడో వంతు మహిళా స్థానాలు కూడా దానితోనే ముడిపడి ఉన్నాయి, ఎస్సీ స్థానాల్లోనూ మూడో వంతు మహిళలకు. కోలార్ నుంచి లోక్‌సభకు ఇప్పటిదాకా ఒక్క మహిళ కూడా వెళ్ళలేదు. దక్షిణాదికి సీట్లు తగ్గుతాయా, ఉత్తరాదికి పెరుగుతాయా అన్న చర్చ ఢిల్లీలో, చెన్నైలో, హైదరాబాద్‌లో గట్టిగా సాగుతోంది. జరగాలి కూడా. కానీ ఆ చర్చంతా రాష్ట్రానికి ఎన్ని సీట్లన్న దగ్గర ఆగిపోతోంది. రాష్ట్రం లోపల ఏ ఊరు ఎవరితో కలుస్తుందన్న దాన్ని ఎవరూ పట్టించుకోవడం లేదు.

గత కమిషన్‌లో కర్ణాటక లాంటి ప్రతి పెద్ద రాష్ట్రం నుంచి అయిదుగురు ఎంపీలు, అయిదుగురు ఎమ్మెల్యేలు సహ సభ్యులుగా ఉన్నారు. వాళ్ళకు ఓటు లేదు, మాట ఉంది. ఆ మాట ఎక్కువగా తమ స్థానాలు కాపాడుకునే పనికి పోయిందని రాష్ట్రాల్లో అప్పట్లో అందరూ అనుకున్న మాటే. ముసాయిదా గెజెట్‌లో వస్తుంది, బహిరంగ విచారణ ఒకటి రెండు పెద్ద ఊళ్ళలో జరుగుతుంది, గడువు ముగుస్తుంది. బెంగళూరు రైలెక్కే వాడికి ఆ విచారణకు వెళ్ళడానికి ఒక రోజు కూలి పోవాలి. అందుకే ఈసారి కోలార్ విచారణ కేజీఎఫ్‌లో, అదీ ఆదివారం పెట్టాలి. ముసాయిదాను కన్నడ, ఇంగ్లీషులతో పాటు లైన్లలో చదివే తమిళంలో, శ్రీనివాసపుర, చింతామణి పల్లెల్లో మాట్లాడే తెలుగులో, ఉర్దూలో ముద్రించి పంచాయతీ గోడలకు అంటించాలి. గని పట్టణంలోని వార్డులను రెండు స్థానాల మధ్య చీల్చకూడదు. చిక్కబళ్ళాపుర జిల్లా ఏర్పడి ఎన్నో ఏళ్ళయింది కాబట్టి దాని అయిదు శాసనసభ స్థానాలూ ఒకే లోక్‌సభ స్థానంలో పెట్టడం సాధ్యమా అన్నది కమిషన్ మొదట చూడాలి. జనాభా లెక్క కుదరకపోతే, ఎందుకు కుదరలేదో కాగితం మీద రాసి ఆ జిల్లా ప్రజలకు చూపించాలి.